కోకలో చిలుక

హిందూపురంలో గూళ్లు, పెనుకొండలో గుట్ట, ధర్మవరంలో మగ్గం. జ్యేష్ఠం చివర, తొలి వానలు పడ్డాక, ఈ మూడూళ్ల మధ్య రెక్కల ప్రాణుల వెంట ఒక తిరుగుడు.

పట్టుగూడును రెండు వేళ్లతో పట్టుకుని చెవి దగ్గర ఊపితే లోపల గలగలమని సన్నటి చప్పుడు వస్తుంది. హిందూపురం పట్టుగూళ్ల మార్కెట్లో నేను మొదట నేర్చుకున్న విద్య ఇదే. నేర్పినాయన మడకశిర వైపు రైతు. తెల్లారకముందే బస్తాలు దించి, గూళ్లను కుప్ప పోసి, వేలం మొదలయ్యేదాకా ఆ కుప్ప పక్కనే గొంతుక్కూర్చున్నాడు.

"సప్పుడొచ్చిందంటే లోపల పురుగు మాగిందని లెక్కన్నా. రాకుంటే సచ్చి గూటికి అంటుకుపోయినట్ల" అన్నాడు.

ముప్పై ఏళ్లుగా పట్టు పెంచుతున్నాడట. లోపలున్నది చిలుకై బయటికి రావడం ఎన్నిసార్లు చూశావని అడిగితే పక్కనున్న వాళ్లంతా నవ్వారు. "సిలక బయటికొచ్చిందంటే మా కొంప మునిగినట్లే కదన్నా!"

ఆ నవ్వులో న్యాయముంది. ఒక గూడంతా ఒకే దారం. మంచి గూడైతే కిలోమీటరు దాకా సాగుతుంది. చిలుక గూటికి కన్నం చేసుకుని బయటపడితే ఆ దారం ముక్కలవుతుంది, రీలింగుకు పనికిరాదు. అందుకే గూళ్లను వేడికి పెట్టి లోపలి ప్రాణాన్ని ముందే ఆర్పేస్తారు. కొన్ని వేల గూళ్లు కలిస్తే ఒక ధర్మవరం చీర. ఆ వేలలో ఒక్కటీ రెక్క విప్పి ఉండదు.

లేస్తుంటే ఆయన కుప్పలోంచి ఒక గూడు ఏరి నా చేతిలో పెట్టాడు. "ఇంటికి తీస్కపోయి పెట్టుకో. అదే వొచ్చాది." చొక్కా జేబులో వేసుకున్నాను. తర్వాత మూడు రోజులు అది నాతోనే తిరిగింది.

సీతాకోకచిలుక అనే మాటను విడదీస్తే మధ్యలో ఒక చీర ఉంది. సీత, కోక, చిలుక. పగలు పూలమీద వాలే ప్రాణికి అంత ముద్దయిన పేరు పెట్టుకున్న మనం, రాత్రి దీపం చుట్టూ తిరిగే దాని అక్కచెల్లెళ్లను మాత్రం పురుగులన్నాం. దీపపు పురుగు, రెక్కల పురుగు, మరీ కోపమొస్తే పాడు పురుగు. నిజానికి కోక ఇచ్చింది ఆ రాత్రి పురుగే. కోక పేరు పెట్టుకుని తిరుగుతున్నది పగటిది. మూడూళ్లు తిరిగినంతసేపూ ఈ అన్యాయం నా బుర్రలోంచి పోలేదు.

రెండింటినీ వేరుచేసి చూడటం కష్టమేమీ కాదు. రంగులు చూడొద్దు, మీసాలు చూడండి. పగటి చిలుక మీసం సన్నగా వచ్చి కొసన అగ్గిపుల్ల తలలా ఉబ్బి ఉంటుంది. రాత్రి చిలుకది దువ్వెనలాగో, ఈకలాగో, లేదంటే ఉత్త దారంలాగో ఉంటుంది. కొసన ఉబ్బు ఉండదు. వాలినప్పుడు పగటిది ఎక్కువగా రెక్కలు రెండూ నిలువుగా జోడిస్తుంది, రాత్రిది పక్కలకు పరుస్తుంది. ఈ రెండో గుర్తును పూర్తిగా నమ్మలేం, మీసాన్ని మాత్రం చాలావరకు నమ్మొచ్చు. మనదేశంలో పగటి చిలుకలు 1,300కు పైగా రకాలుంటే, రాత్రివి 10,000 దాటాయి. కోకపేరు దక్కనివాళ్లే ఎక్కువమంది.

తల్లి చిలుక పరీక్ష

హిందూపురం పక్కనే కిరికెరలో రాష్ట్ర పట్టు పరిశోధన అభివృద్ధి సంస్థ ఉంది. స్వర్ణాంధ్ర అనే సంకర జాతి పురుగు అక్కడ పుట్టిందే. గుడ్లు తయారుచేసే కేంద్రాల్లోనే పట్టు చిలుకకు బయటికొచ్చే భాగ్యం. దాన్ని దగ్గరగా చూసినవాళ్లు మళ్లీ 'పురుగు' అనలేరు. ఒళ్లంతా తెల్లటి నూగు, పాలలో ముంచి తీసినట్టు రెక్కలు, నల్లటి కళ్లు, రెండు దువ్వెనల్లాంటి మీసాలు. నోరున్నా తినడానికి పనికిరాదు, రెక్కలున్నా ఎగరలేదు. చైనాలో దాదాపు 5,000 ఏళ్ల కిందట మొదలైన పెంపకం దాన్ని ఇలా చేసింది. మనిషి చెయ్యి లేకపోతే ఈ జాతికి బతుకు లేదు. జత కట్టి, నాలుగైదు వందల గుడ్లు పెట్టి, కొద్దిరోజుల్లో పోతుంది.

గుడ్లు పెట్టాక ఆ తల్లిని చిన్న రోట్లో వేసి నూరి, ఆ రసం చుక్కను మైక్రోస్కోపు కింద చూస్తారు. పెబ్రిన్ రోగం బీజాలు కనిపిస్తే ఆ తల్లి గుడ్లన్నీ కాల్చేస్తారు. తల్లి నుంచి గుడ్డుకు పాకే రోగమది. పురుగు ఒంటిమీద మిరియాల పొడి చల్లినట్టు మచ్చలేస్తాయి. ఈ పద్ధతి లూయీ పాశ్చర్‌ది. 1865లో ఫ్రాన్స్ పట్టు రైతుల మొర విని ఆయన పట్టుపురుగుల మీద పని మొదలుపెట్టాడు. పిచ్చికుక్క కాటు టీకా ఆ తర్వాతి సంగతి. హిందూపురం రైతు ఇంటికొచ్చే ప్రతి గుడ్ల అట్ట వెనకా ఆయన పడ్డ పాట్లున్నాయి.

గుడ్డు పగిలిన రోజు నుంచి పండేదాకా పురుగుకు పాతిక రోజులు. ఈ లోపల నాలుగుసార్లు చర్మం విడుస్తుంది. చర్మం విడిచే ముందు తిండి మాని, తల ఎత్తి కదలకుండా ఉండిపోతుంది. రైతులు దాన్ని జ్వరం అంటారు. మొదటి జ్వరం, రెండో జ్వరం అని లెక్క. నాకు ఈ మాట చాలా నచ్చింది. పుస్తకాల్లో రాసే నిర్మోచనం కంటే వెయ్యి రెట్లు మేలు: బిడ్డకు జ్వరమొస్తే ఇంట్లో ఎలా మెలుగుతారో, ఆ రోజుల్లో షెడ్డులో అలానే మెలుగుతారు. ఆకు వెయ్యరు, గట్టిగా కదిలించరు. నాలుగో జ్వరం దాటాక మాత్రం తిండే తిండి. ఆకుల మీద చినుకులు పడుతున్నట్టు షెడ్డంతా చప్పుడు. పుట్టినప్పటికీ పండినప్పటికీ బరువు పదివేల రెట్లవుతుంది.

ఊజీ ఈగ గురించి అడిగితే మాత్రం ఆడవాళ్లు కిటికీ జాలీలు చూపించి శాపనార్థాలు పెట్టారు. 1980లో బెంగాల్ గూళ్లతోపాటు కర్ణాటకకు వచ్చి, అక్కడినుంచి మనకూ పాకింది. పురుగు ఒంటిమీద గుడ్డు పెట్టి పోతుంది. ఆ పిల్ల లోపలే తింటూ పెరిగి చివరికి గూటికి బొక్క పెట్టుకుని పడిపోతుంది.

ఇంకో సంగతి. ఎగరలేని ఆడ పట్టు చిలుక తోక కొసనుంచి ఒక వాసన వదులుతుంది. మగది మీసాలతో దాన్ని పట్టుకుని రెక్కలు టపటపలాడిస్తూ నడిచొస్తుంది. ఆ వాసన ఏమిటో తేల్చడానికి జర్మనీలో అడాల్ఫ్ బుటెనాంట్ 5 లక్షల ఆడ చిలుకల నుంచి తీస్తే వచ్చింది కొద్ది మిల్లీగ్రాములు. 1959లో దానికి బాంబికాల్ అని పేరు పెట్టారు. ప్రపంచంలో మొదట గుట్టు విప్పిన ఆకర్షక వాసన అదే. మన చెనిక్కాయ చేలలో కర్రలకు వేలాడే లింగాకర్షక బుట్టలు ఆ వంశంలోవే: ఆడ చిలుక వాసన ఎర పెట్టి మగవాటిని పట్టడం.

జిల్లేడు దగ్గర ఆగండి

పెనుకొండ గుట్ట ఎక్కేవాళ్లు కోటగోడలు చూడ్డానికి ఎక్కుతారు. 1565 తర్వాత విజయనగర రాజధాని ఇక్కడికి వచ్చింది కనుక చూడాల్సినవే. నేను మాత్రం అడుగున గగన్ మహల్ దాటాక దారి పక్క జిల్లేడు దగ్గరే గంటన్నర నిలబడిపోయాను. గొర్రెలు తోలుకొచ్చిన పిల్లవాడొకడు కాసేపు నన్నూ చెట్టునూ మార్చి మార్చి చూసి, "ఏం సార్, ఏమన్నా పోగొట్టుకున్యావా?" అన్నాడు.

ఆకు తిప్పి చూపించాను. ఆకు అడుగున ఒకే ఒక్క గుడ్డు, ఆవగింజంత కూడా లేదు. పక్క ఆకు కింద పురుగు: నలుపు, తెలుపు, పసుపు పట్టీలు, వీపున మూడు జతల నల్లటి కొమ్ముల్లాంటి తీగలు. గుడ్డులోంచి వచ్చిన పిల్ల ముందు తన గుడ్డు పెంకునే తింటుంది. తర్వాత ఆకులో గుండ్రంగా గాటు పెడుతుంది. జిల్లేడు పాలు ఆ గాటు దగ్గరే కారిపోతాయి, లోపలి ముక్క తాపీగా తింటుంది. జిల్లేడు విషం ఎంతో కొంత ఒంట్లో దాచుకుంటుంది. రెక్కలొచ్చాక కూడా అది పోదు. ఒకసారి నోట పెట్టుకుని కక్కిన పిట్ట ఆ నారింజ రంగును మళ్లీ ముట్టదు. అందుకే ఈ చిలుక ఎగిరే తీరులోనే ఒక ధీమా ఉంటుంది, ఊరిపెద్ద సంతకు నడిచినట్టు.

ఇంగ్లిష్ వాళ్లు దీన్ని ప్లెయిన్ టైగర్ అన్నారు. నారింజ రెక్కలు, కొసలు నలుపు, ఆ నలుపులో తెల్ల చుక్కలు. ఈజిప్టులో నెబామున్ అనే ఉద్యోగి సమాధి గోడమీద దాదాపు 3,400 ఏళ్ల కిందట వేసిన వేట బొమ్మలో కూడా ఈ చిలుకలున్నాయి. బొమ్మ ఇప్పుడు లండన్ బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. అంత ఘనత ఉన్నదాన్ని మనం జిల్లేడు మీద చూస్తూ దాటిపోతున్నాం.

ఇక్కడే ఒక మోసం కూడా ఉంది. అచ్చం ఇలాంటి రెక్కలతో ఇంకొకటి తిరుగుతుంది, డనాయిడ్ ఎగ్‌ఫ్లై ఆడది. దాని ఒంట్లో విషమేమీ లేదు, వేషం మాత్రమే. మగది ఈ నాటకంలో లేదు: నల్లటి రెక్కల మీద గుండ్రటి తెల్ల మచ్చలు, వాటి చుట్టూ ఊదా మెరుపు, పక్కపక్కన పెడితే మొగుడూ పెళ్లాలని ఎవరూ ఒప్పుకోరు. ఆడదాన్ని పట్టుకోవడానికి ఒకటే కిటుకు. వెనక రెక్క నడుమ మూడో నాలుగో నల్ల చుక్కలుంటే అది అసలుది. నడుమ చుక్కల్లేకుండా పై అంచున ఒక్క మచ్చే ఉంటే వేషధారి. గొర్రెల పిల్లవాడు ఈ లెక్క రెండు నిమిషాల్లో పట్టేశాడు. మూడోసారి నేను పొరబడితే తనే దిద్దాడు. ఆ వేషధారి పిల్లలు ఏం తింటాయో తెలుసా? గంగపాయల కూర. పప్పులోకి మనం గిల్లుకునేదే.

చిలుకను గుర్తుపట్టడానికి పుస్తకంలో రంగుల బొమ్మలు తిరగేస్తే తల తిరుగుతుంది. దానికంటే, ఏ చెట్టు చుట్టూ తిరుగుతోందో చూస్తే సగం పని అయిపోతుంది. పూల దగ్గర కాదు. తేనె కోసం ఎక్కడైనా వాలుతుంది. ఆకు దగ్గర చూడాలి. ఆడది గుడ్డు పెట్టేముందు ఆకు మీద కాళ్లతో తడుతుంది. దానికి కాళ్లతోనూ రుచి తెలుస్తుంది. తన పిల్ల తినే ఆకో కాదో తేల్చుకున్నాకే పెడుతుంది. అనంతపురం నేలలో పుట్టినవాడికి చిలుకల పేర్లు రాకపోవచ్చు గాని జిల్లేడు, తంగేడు, ఆముదం, ముళ్లగోరింట, ఆదొండ తెలియకుండా ఉండవు. రథసప్తమికి నెత్తిన జిల్లేడాకు పెట్టుకుని నీళ్లు పోసుకున్న ప్రతివాడికీ మొదటి పాఠం అయిపోయినట్టే.

నిమ్మచెట్టు లేత ఆకు మీద పిట్టరెట్ట ఉందనిపిస్తే ఇంకోసారి చూడండి, అది నిమ్మచిలుక పిల్ల కావచ్చు. పెద్దయ్యాక పచ్చబడుతుంది. వేలితో తాకితే తల వెనకనుంచి చీలిన ఎర్రటి కొమ్ము బయటికి తీసి, ఘాటైన వాసన కొడుతుంది. పెరట్లో కరివేపాకు రెమ్మ తుంచినప్పుడు ఇంట్లోవాళ్లు ఛీ అని విదిలించేది దీని బంధువునే, నల్లరెక్కల మీద తెల్ల చుక్కల వరుస ఉండే కామన్ మార్మన్‌ను. దాని ఆడవాళ్లలో కొందరు ఎర్రమచ్చల వేషం కడతారు. గాడిదగడపర తిని విషం నింపుకున్న రోజ్ చిలుకలకు నకలు. ఆముదపు చెట్టు చుట్టూ ఇటుకరంగులో తేలిపోతున్నట్టు ఎగిరేది కామన్ క్యాస్టర్. అదే ఆముదాన్ని రాత్రిపూట వచ్చి గుడ్లు పెట్టి పాడుచేసేది దాసరి పురుగు తల్లి. రైతులకు దాసరి పురుగు బాగా తెలుసు, దాని తల్లి తెలియదు.

హిందూపురం చింతపండు మార్కెట్ ఎంత పేరున్నదో చెప్పక్కర్లేదు. ఆ చింతతోపుల్లోనే బ్లాక్ రాజా ఉంటాడు. నల్లరాజు. ముదురు రెక్కల మధ్య పాలిపోయిన అడ్డపట్టీ, వెనక రెక్కకు రెండేసి తోకలు, బాణంలా దూసుకుపోతాడు. రాజుగారు పూల మీద వాలడం అరుదు. పులిసిన పండు, చెట్టు జిగురు, పేడ ఆయన ఇష్టాలు. పిల్లలు పెరిగేది చింతాకు మీద.

ఇక దానిమ్మ రైతు దగ్గర సీతాకోకచిలుక అందచందాలు మాట్లాడితే దెబ్బలు తినాల్సొస్తుంది. అనార్ చిలుక కాయమీద గుడ్డు పెడుతుంది, పిల్ల లోపలికి తొలుచుకుపోయి గింజ తింటుంది. కాయకు చిన్న బొక్క, కింద కుళ్లు. మగదాని రెక్కల్లో నీలిమెరుపు, వెనకరెక్క కొసన వెంట్రుకంత తోక. కాయకు సంచి కడుతున్న రైతుకు ఆ మెరుపు చూపించాను. "బాగుంది లేప్పా, మా తోటలో వొద్దు" అన్నాడు.

గుట్ట మీద పొద్దెక్కాక, గడ్డి లేని ఎర్రమట్టి దారిలో పసుపు పాన్సీ చిలుకలు రెక్కలు విప్పి ఎండ కాచుకుంటున్నాయి. వెనక రెక్క మీద నీలిబొట్టు, ఎవరో సిరా చుక్క విదిల్చినట్టు. పక్కనే ముళ్లగోరింట ఉంది, వాటి పిల్లల తిండి అదే. రాళ్ల సందుల్లో ఆదొండ తీగల మీద తెల్లటి పయనీర్ చిలుకలు గుంపుగా తిరుగుతున్నాయి. వానకు చెమ్మగిల్లిన ఇసుకలో నాలుగైదు చిలుకలు తొండాలు దించి కదలకుండా కూర్చున్నాయి. ఉప్పు కోసం. ఎక్కువగా మగవే, ఆ ఉప్పును జతకట్టేటప్పుడు ఆడదానికి కట్నమిచ్చుకుంటాయి. గొర్రెలు ఉచ్చ పోసిన చోట ఎక్కువ వాలడం చూసి పిల్లవాడు పడీపడీ నవ్వాడు.

అక్కడొక ఇంటి వాకిట్లో గన్నేరు కొమ్మకు వేలాడుతున్న ప్యూపాను చూడమని మాత్రం ప్రత్యేకంగా చెబుతాను. కామన్ క్రో అనే మామూలు గోధుమరంగు చిలుకది. పుట్టబోయేది అంత సాదాది, తొట్టి మాత్రం వెండి. పాలిష్ పట్టిన జుంకాలా మెరుస్తుంది. దగ్గరకెళితే అందులో నా మొహం, వెనక గుట్ట, రెండూ వంకరగా కనిపించాయి.

పేరు పెట్టనివాళ్లం

ఇంత రాశాక చూసుకుంటే సగం పేర్లు ఇంగ్లిషువే. సిగ్గుగానే ఉంది. మలయాళీలు, మరాఠీలు తమ చిలుకలకు తమ మాటల్లో పేర్లు పెట్టుకున్నారు. మనకు అన్నీ సీతాకోకచిలుకలే. బ్రిటిష్ సిపాయిలూ దొరలూ పెట్టిన పులులు, సార్జంట్లు, కమాండర్ల పేర్లను అనువదించుకోవడం నాకు ఇష్టం లేదు. మన దారి పొలంలోనే ఉంది. తినే ఆకు పేరుతో పిలుద్దాం. జిల్లేడు చిలుక, నిమ్మచిలుక, కరివేప చిలుక, ఆముదపు చిలుక, చింతరాజు. గంగపాయల వేషగత్తె. పేరు పలికితే చాలు, దాన్ని ఎక్కడ వెతకాలో తెలిసిపోతుంది. ఒక ఆకును రెండు మూడు జాతులు పంచుకుంటే ఇబ్బందే. ఆ ఇబ్బంది ఇంటిపేర్లలో లేదా ఏమిటి?

గుట్ట దిగిన రోజు రాత్రి పెనుకొండకూ ధర్మవరానికీ మధ్య ఒక ఊళ్లో మిద్దె మీద తెల్లపంచె కట్టి, ముందు బల్బు వేలాడదీశాం. రాత్రి చిలుకలను చూడటానికి ఇంతకంటే ఖర్చులేని పద్ధతి లేదు. ముందురోజు వాన పడింది. అరగంటలో పంచె నిండిపోయింది. తెల్లరెక్కల మీద గోధుమ గీతలు, ముందు అంచున పసుపుచార ఉన్నవి పదులకొద్దీ. మిద్దె యజమాని, డెబ్బై దాటిన రైతు, చూడగానే మొహం మార్చుకున్నాడు.

"ఇది కంబళిపురుగు తల్లి గదూ!"

చెనిక్కాయ రైతుకు కంబళిపురుగంటే పాత పగ. ఏడాదంతా భూమిలో ప్యూపాగా పడుకుని తొలివానకు ఒక్కసారే లేస్తాయి. పిల్లలు ఒక చేను తుడిచిపెట్టి దండుగా పక్కచేనుకు నడుస్తాయి. కందకాలు తవ్వి ఆపేవాళ్లు. తొలివాన రాత్రి పొలాల గట్ల మీద మంటలు వేసేవాళ్లమని, చిలుకలు వచ్చి పడి చిటపటలాడేవని ఆయన చెప్పాడు. నేను వేడుకకు పెట్టిన దీపాన్ని ఆయన చిన్నప్పుడు యుద్ధానికి పెట్టారు.

అదే పంచె మీద కాసేపటికి హాక్ మాత్ అనే రాత్రి చిలుక ఒకటి వచ్చి వాలింది. గన్నేరాకు తిని పెరిగే జాతి. ముదురు పచ్చ, లేత పచ్చ, గులాబి, ఊదా, పాలరాతి మీద చారల్లా. పెద్దాయన చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత లోపలికి కేకేశాడు: "ఒమ్మే, ఈడికి రా, ఈ రంగు సూడు."

మగ్గం దగ్గర

ధర్మవరంలో శ్రావణం ఆర్డర్లతో మగ్గాలు ఊపిరి తిప్పుకోవడం లేదు. అంచుల్లో హంసలున్నాయి, నెమళ్లున్నాయి, మామిడి పిందెలున్నాయి, లేపాక్షి లతామండపం స్తంభాల మీదివని చెప్పుకునే తీగలున్నాయి. నేను చూసిన ఇళ్లలో సీతాకోకచిలుక అంచు మాత్రం లేదు. సెల్‌ఫోన్లో ముందురాత్రి హాక్ మాత్ ఫొటో చూపిస్తే, నేతాయన రెండు వేళ్లతో పెద్దది చేసి రెక్క చార మీద ఆగాడు. "ఈ పచ్చలో గులాబి ఎట్ల కలిపినాడో సూడన్నా. అద్దకానికి మాకు రాదు ఇది."

రెక్క మీది ఆ రంగు పెంకుల్లా పేర్చిన సన్నటి పొలుసులది. పట్టుకుంటే వేలికి అంటే పొడి అదే.

ఆయన భార్య నా జేబులోని గూడు చూసి, చంపకుండా పట్టు తియ్యరా అని అడిగింది. తీస్తారు. చేనేత శాఖలో పనిచేసిన హైదరాబాదు వాసి కుసుమ రాజయ్య అహింసా పట్టు అని దానికి పేరే తెచ్చారు. చిలుకను పోనిచ్చి, తెగిన గూటిని దూదిలా వడుకుతారు. ఆ నూలుకు మెరుపు తక్కువ, ధర ఎక్కువ. ఆమె కాసేపు ఆలోచించి, "పెండ్లికి మెరుపు కావల్ల గదా" అని పోగు అతుకుతూ కూర్చుంది. ఆమెను తప్పుపట్టే యోగ్యత పట్టుపంచె కట్టి పీటల మీద కూర్చున్న నాకు లేదు.

ఇంటికొచ్చి గూడును రాతబల్ల మీద, పాత పేపరు పరిచి పెట్టాను. మూడో నాడు తెల్లవారుజామున ఒక కొస తడిసి గోధుమరంగుకు తిరిగింది. గూటిని మెత్తబరిచే ద్రవం చిలుకే వదులుతుంది. కాసేపటికి తల, తర్వాత కాళ్లు, తర్వాత నలిగిన కాగితంలాంటి రెక్కలు. గంటలోపే రెక్కలు చదునై తెల్లగా ఆరాయి. ఒళ్లు లావు, కదలిక తక్కువ. ఆడది.

పొద్దెక్కేసరికి తోక కొసన రెండు పసుపుపచ్చటి ఉబ్బులు తెరిచి, కిటికీ వైపు తిరిగి పిలవడం మొదలుపెట్టింది. ఆ వాసన నా ముక్కుకు అందేది కాదు. అందగల ముక్కున్న మగవాళ్లంతా వంద కిలోమీటర్ల అవతల, వేడి గదుల్లో ఉన్నారు. ఒకవేళ ఎవడైనా మిగిలినా ఎగిరొచ్చే రెక్కలు కావు. మూడు రోజులు అలాగే కూర్చుంది. చివరికి పేపరు మీద గుడ్లు పెట్టింది, వరుసగా, ఒకదాని పక్కన ఒకటి. జతకట్టిన గుడ్లయితే రంగు తిరుగుతాయి. ఇవి పసుపుగానే ఉన్నాయి.